తలుపు తీసే చెయ్యి

దండం తల్లీ, బెట్టీ ఫర్నెస్! నడుము బిగించి కుట్టిన గౌను వేసుకుని, జుట్టు ఒద్దికగా దువ్వుకుని, తెల్లటి ఫ్రిజ్ పక్కన నిలబడినదానా! పిడి మీద చెయ్యి వేసి, తలుపు తీసి, లోపలి దీపం వెలగ్గానే అమెరికా వైపు తిరిగి నవ్వినదానా! వెన్నకి ఇదిగో అర, గుడ్లకి ఇదిగో అర, ఐసుకి పైన వేరే గది అని ఒక దేశానికంతటికీ ఓపిగ్గా విప్పి చెప్పినదానా! సరస్వతి చేతిలో వీణ పెట్టారు, లక్ష్మి చేతిలో తామర పెట్టారు. నిన్ను ఎవరైనా బొమ్మ గీస్తే నీ చేతిలో వెస్టింగ్‌హౌస్ కంపెనీ ఫ్రిజ్ పిడి పెట్టక తప్పదు. నువ్వు నొచ్చుకుంటావేమో కానీ, అది లేకపోతే నిన్నెవరూ పోల్చుకోలేరు.

సోమవారం రాత్రి పది గంటలు. సీబీఎస్ టీవీలో ‘స్టూడియో వన్’. గంటసేపు నాటకం, వారానికో కొత్త కథ, అంతా ప్రత్యక్ష ప్రసారం. 1949లో నువ్వు ఆ గడప తొక్కేసరికి వీడియో టేపు ఇంకా పుట్టలేదు, 1956 దాకా రాదు. జరిగింది జరిగినట్టే గాలిలోకి వెళ్లిపోయేది. దాచుకోవాలంటే టీవీ తెర ఎదుట ఫిల్మ్ కెమెరా పెట్టి, కదులుతున్న బొమ్మనే మళ్లీ బొమ్మ తీసుకోవాలి. కైనెస్కోప్ అనేవారు దాన్ని. ఇవాళ నిన్ను చూడాలంటే మాకు ఆ మసక బొమ్మలే దిక్కు. 1950లో అమెరికాలో ప్రతి 100 ఇళ్లలో 9 ఇళ్లకే టీవీ ఉంది. పదేళ్లు తిరిగేసరికి 87 ఇళ్లకు వచ్చేసింది. ఆ కొత్త పెట్టెలు ఒక్కొక్కటీ ఇళ్లలోకి వచ్చి సర్దుకుంటుంటే, వాటి లోపల నువ్వు అప్పటికే వచ్చి నిలబడి ఉన్నావు.

నాటకం ఒక మూల, నువ్వొక మూల. అక్కడ ఎవరో ప్రాణం విడుస్తారు, ఎవరి కాపురమో కూలిపోతుంది, తెర నల్లబడుతుంది. మరుక్షణం ఇంకో కెమెరా నీ మీద. కన్నీళ్లు తుడుచుకునే వ్యవధి కూడా లేని ప్రేక్షకులకు నువ్వు వాషింగ్ మెషిన్ చూపించాలి. పన్నెండు మంది జ్యూరీ సభ్యులు ఉక్కపోత గదిలో కూర్చుని ఒక కుర్రాడి ప్రాణం మీద వాదించుకునే ‘ట్వెల్వ్ యాంగ్రీ మెన్’ సినిమా కాకముందు, 1954 సెప్టెంబరులో ఈ ‘స్టూడియో వన్’లోనే తొలిసారి ఆడింది. అంత పెద్ద నాటకాలకు తిండి పెట్టింది ఫ్రిజ్‌లు, ఇస్త్రీ పెట్టెలు, పొయ్యిలు. సాహిత్యం మీద ప్రేమతో ఎవరూ సోమవారం రాత్రి గంటసేపు కొనిపెట్టరు కదా. ఆ లెక్కన చూస్తే ఆ రచయితలందరి వంటింట్లోనూ నీ ఉప్పు ఉంది తల్లీ.

తలుపు తీయడం కూడా ఒక విద్యేనా అనేవాళ్లు, ఎదుట కెమెరా ఉందనుకుని ఒకసారి తీసి చూడాలి. ఇంట్లో మనం ఫ్రిజ్ తలుపు తీసేటప్పుడు గదికి వీపు పెట్టేస్తాం. నీకు ఆ వీలు లేదు. కీళ్లున్న వైపు నిలబడితే తెరిచిన తలుపు వెనక నువ్వే మాయమైపోతావు. కాబట్టి పిడి ఉన్న వైపే నిలబడాలి. చెయ్యి ముందుకు వెళ్లాలి, భుజం వెళ్లకూడదు. చూపు క్షణంసేపు లోపలికి, వెంటనే కెమెరాకి. అర బయటికి లాగితే సీసాలు గలగలమనకూడదు. ఒకవేళ అన్నా గొంతు తడబడకూడదు. ‘ఇక్కడ చూడండి’ అన్న మాటా వేలూ ఒకేసారి చేరాలి. వేలు అరక్షణం ముందు వెళ్తే ఆత్రం కనిపిస్తుంది, అరక్షణం వెనకబడితే అబద్ధం కనిపిస్తుంది. పైన మండే లైట్లు. ఆ వేడిలో చల్లదనం గురించి మాట్లాడాలి, నుదుట చెమట బొట్టు కనిపించకుండా. నిమిషం కావచ్చు, రెండు నిమిషాలు కావచ్చు, ఇంకాస్త ఎక్కువే కావచ్చు, మాటలన్నీ కంఠతా వచ్చి ఉండాలి. మధ్యలో కోత లేదు, రెండో టేకు లేదు, గాలిలోకి వెళ్లిన మాటను వెనక్కి లాగే దారీ లేదు.

‘లాండ్రోమ్యాట్’ ఉండేది ఒకటి. ముందువైపు తలుపున్న బట్టలుతికే యంత్రం, వెస్టింగ్‌హౌస్ వాళ్లదే. ఆ తలుపు కిందికి వాల్చి దాని మీద మురికి బట్టల మూట పెడితే అదే తూచి చెప్పేది. బరువెంతో తెలిస్తే నీళ్లెన్ని పట్టాలో తెలుస్తుంది. తలుపే తక్కెడ. ఇలాంటి సంగతి పత్రికలో అరపేజీ ప్రకటన వేసినా మనసుకెక్కదు. దుప్పట్ల మూట ఒకటి ఆ తలుపు మీద పడేసి చూపిస్తే ఆ క్షణమే ఎక్కుతుంది. నాంపల్లి ఎగ్జిబిషన్లో క్యారెట్‌ను పువ్వులా కోసే కట్టరు అమ్మే మనిషి ముందు కాళ్లు ఆగిపోయినవాళ్లందరికీ నీ విద్య ఏమిటో చెప్పక్కర్లేదు. కొనకూడదని ఒట్టేసుకునే నిలబడతాం. ఆ చేతివేగం చూస్తూ చూస్తూ జేబులో చెయ్యి పెడతాం. ఇంటికి తెచ్చాక ఆ క్యారెట్ మన మాట వినదు, అది వేరే సంగతి.

నువ్వు వంటింట్లోంచి వచ్చినదానివి కాదని తెలుసు. న్యూయార్క్‌లో 1916లో పుట్టావు. బడికి పోయే వయసులోనే మోడలింగ్. 1932లో ఆర్‌కేఓ స్టూడియో నిన్ను హాలీవుడ్ తీసుకుపోయింది. ముప్ఫైకి పైగా సినిమాలు చేశావు. ‘స్వింగ్ టైమ్’లో ఫ్రెడ్ ఆస్టేర్ పెళ్లాడవలసిన పిల్లవి నువ్వే. అతను జింజర్ రోజర్స్‌తో నాట్యం చేస్తూ నిన్ను మరిచిపోతాడు, లోకమూ మరిచిపోయింది. ఆ దశాబ్దం ముగిసేసరికి సినిమాలూ ముగిశాయి. నాటకాల్లో తిరిగావు. 1945లోనే డ్యూమాంట్ వాళ్ల టెలివిజన్లో ఫ్యాషన్ల గురించి మాట్లాడావు, టీవీ అంటే ఏమిటో చాలామందికి తెలియని రోజుల్లో. ఆ తర్వాత ‘స్టూడియో వన్’లో ఒక వేషం కోసం వచ్చి, ఆ పక్కన యాడ్ చెప్పే వాళ్ల తంటాలు చూశావు. నటించడం వచ్చినవాళ్లకు ఇస్త్రీ పెట్టె పట్టుకోవడం రాలేదు. నేను చెబుతానన్నావు. చెప్పావు. ఆ తర్వాత పదకొండేళ్లు ఆ కంపెనీ నిన్ను వదల్లేదు.

‘వెస్టింగ్‌హౌస్‌దైతే నిశ్చింతగా ఉండొచ్చు’. కంపెనీ నీకిచ్చిన మాట అది. ఎన్నిసార్లు చెప్పి ఉంటావో! చెప్పిన ప్రతిసారీ అది అప్పుడే నీకు తట్టినట్టు చెప్పావు. ఆ నిశ్చింత సంగతి తర్వాత చెప్పుకుందాం, దానికి వడ్డీ కూడా ఉంది.

1952 వేసవి. చికాగోలో రిపబ్లికన్ల మహాసభ, ఆ వెనకే డెమొక్రాట్లది. దేశమంతా టీవీలో చూసిన తొలి అధ్యక్ష ఎన్నికల సభలు. సీబీఎస్ ప్రసారానికి డబ్బు కట్టింది వెస్టింగ్‌హౌస్. అభ్యర్థులుగా ఇటు ఐసెన్‌హోవర్ వచ్చాడు, అటు స్టీవెన్సన్ వచ్చాడు. రాష్ట్రాల వారీగా ఓట్లు లెక్కపెట్టారు, తీర్మానాల మీద కొట్టుకున్నారు, బ్యాండు మేళం వాయించారు. వాళ్లు ఊపిరి పీల్చుకున్నప్పుడల్లా నువ్వు వచ్చావు. మళ్లీ మళ్లీ వచ్చావు, కొత్త గౌనుతో వచ్చావు, కొత్త వస్తువు పక్కన నిలబడి వచ్చావు. పొద్దుటి నుంచి అర్ధరాత్రి దాకా సాగిన ఆ గందరగోళంలో ఒక్క మనిషి మాత్రం చెప్పదలుచుకున్నది చెప్పి, చెప్పిన వేళకు ముగించింది. నాయకులు గొంతు చించుకుని ఇచ్చిన వాగ్దానాల మధ్య నీదే చూపించగలిగిన వాగ్దానం. తలుపు తీస్తే లోపల నిజంగానే చల్లగా ఉంటుంది. ఆ వేసవి ముగిసేసరికి నీ ముఖం తెలియని ఇల్లు, టీవీ ఉన్న ఇళ్లలో, లేదు.

ఆ సభలు జరిగిన హాలు చికాగో పశువుల దొడ్ల పక్కనే. అప్టన్ సింక్లెయిర్ 1906లో ‘ది జంగిల్’ అనే నవలలో రాసిన మాంసపు కొట్టాలు అవే. గాలి తిరిగితే ఆ వాసన హాలుదాకా వచ్చేది. ఆ ఊళ్లో నువ్వు మాంసం చెడకుండా దాచే పెట్టె అమ్మావు. అందులో పెట్టకముందే మాంసం చెడి ఉంటే ఏం చేయాలన్నది అప్పటికి నీ ప్రశ్న కాదు.

ఇక ఆ తెరుచుకోని తలుపు కథ. 1954లో ఒక ప్రత్యక్ష ప్రసారంలో ఫ్రిజ్ తలుపు ఎంత లాగినా రాలేదు. దేశం పగలబడి నవ్వింది. నేటికీ టీవీ పొరపాట్ల జాబితా ఎవరు వేసినా మొదటి వరసలో అది ఉంటుంది, కింద నీ పేరు ఉంటుంది. ఆ రోజు నువ్వక్కడ లేవు. నీ బదులు నిలబడ్డ అమ్మాయి జూన్ గ్రాహం. పాపం, ఎవరి పేరు మీద వచ్చిందో వాళ్లకే ఆ అపకీర్తి ధారపోసి, తాను చరిత్రలోంచి జారిపోయింది. తీసిన తలుపులు వేలల్లో ఉండగా, తీయని ఒక్క తలుపు నీ పేరున రాశారు. ఇంటిపనికి సంబంధించిన కీర్తి అంతా ఇలాగే ఉంటుందేమో. రోజూ కుదిరిన వంట ఎవరికీ కథ కాదు, మాడిన రోజే కథ.

స్తుతి చేస్తూ కూడా ఒక మాట అడగాలి తల్లీ, అడగకపోతే ఇది భజన అవుతుంది. నువ్వు అమ్మింది తీరికనే కదా? మీట నొక్కండి, కూర్చోండి, మిగతాది యంత్రం చూసుకుంటుంది అన్నావు కదా? రూత్ ష్వార్ట్జ్ కోవన్ అనే చరిత్రకారిణి 1983లో ‘మోర్ వర్క్ ఫర్ మదర్’ అనే పుస్తకం రాసింది. యంత్రాలు వచ్చినా ఇల్లాలికి పని గంటలు తగ్గలేదని అందులో లెక్క తేల్చింది. చాకలికి వేసే బట్టలు ఇంట్లోకి వచ్చాయి. వారానికోసారి మార్చే చొక్కా రోజూ మార్చాలన్నారు. గిన్నెలు మెరవాలి, దుప్పట్లు తెల్లగా ఉండాలి, ఆ తెలుపుకి కొలత నీ వెనకున్న ఫ్రిజ్ రంగే. మొగుడూ పిల్లలూ చెయ్యి సాయం పట్టే పనులు కూడా యంత్రం వచ్చాక ఆమె ఒక్కదానివే అయ్యాయి. నీ నవ్వుకి ఇందులో వాటా లేదని అనలేను. పని తగ్గిందని చెప్పే ఉద్యోగంలో నువ్వు మాత్రం సోమవారం రాత్రి పదింటికి మండే లైట్ల కింద నిలబడి పని చేస్తున్నావు. సొంత సంపాదన మీద కూతుర్ని పెంచుతున్న ఆడది, గృహలక్ష్మి వేషం కట్టి. వంటింటి నుంచి బయటపడ్డ ఒక స్త్రీని చూస్తూ లక్షల మంది వంటింటికి సామాన్లు కొన్నారు. ఆ వింతను నువ్వు గమనించకుండా ఉండి ఉంటావని నేను నమ్మను.

1960లో కంపెనీతో తెగిపోయింది. వేరే పని కోసం వెళ్తే ప్రతిచోటా ఫ్రిజ్ నీకన్నా ముందు గదిలోకి వచ్చి కూర్చునేది. వార్తలు చెబుతానంటే, మీరు ఫ్రిజ్ అమ్మే ఆవిడ కదా అన్నారు. రేడియోలో సర్దుకున్నావు. పేద పిల్లల బడుల పథకం ‘హెడ్ స్టార్ట్’ కోసం, పల్లెలకీ వాడలకీ స్వచ్ఛంద సేవకులను పంపే ‘విస్టా’ కోసం ఊళ్లు తిరిగావు. అమ్మడం వచ్చినదానివి, ఆ పథకాలను కూడా చక్కగా అమ్మావు. ఈసారి కొన్నవాళ్లు డబ్బు ఇవ్వలేదు, తమ కాలం ఇచ్చారు.

1967 మార్చిలో అధ్యక్షుడు లిండన్ జాన్సన్ పిలిచాడు. అంతకుముందు ఎస్తర్ పీటర్సన్ ఉన్న చోట నిన్ను వినియోగదారుల వ్యవహారాలకు ప్రత్యేక సహాయకురాలిగా వేశాడు. ఎంత నవ్వారో! కంపెనీ బొమ్మని తీసుకొచ్చి కొనేవాళ్ల కాపలాకి పెట్టారన్నారు. వినియోగదారుల పక్షాన పోరాడేవాళ్లకే నీ మీద నమ్మకం లేకపోయింది. వాళ్లని తప్పుపట్టను. పదకొండేళ్లు నిన్ను ‘నిశ్చింతగా ఉండండి’ అంటుంటే విన్న చెవులవి. నువ్వు కోపగించుకోలేదు, పాఠం చదివావు. కాంగ్రెస్ కమిటీల ముందు కూర్చుని అడిగినవాటికి జవాబులిచ్చావు. పెదవి విరిచినవాళ్లే తర్వాత మెచ్చుకున్నారు. పాఠం కంఠతా పట్టి, కంటికి కన్ను కలిపి, తడబడకుండా చెప్పడం నీకు కొత్తేముంది? ఎదురుగా మండే లైట్లకు బదులు సెనేటర్లు, అంతే.

ఆ ఏడాది డిసెంబరులోనే మాంసం చట్టం వచ్చింది. అంతవరకూ రాష్ట్రం సరిహద్దు దాటని మాంసానికి కేంద్రం తనిఖీ లేదు. కొట్టం ఎంత కంపుగా ఉన్నా, సరుకు ఆ రాష్ట్రంలోనే అమ్ముడుపోతే కేంద్రం వాళ్లు అడగరు. ఆ సందు మూశారు. సంతకం రోజు శ్వేతసౌధానికి అప్టన్ సింక్లెయిర్ వచ్చాడు, 89 ఏళ్ల ముసలాయన, తన నవల రాసిన అరవై ఏళ్లకి. అప్పుడే ఇంకో చట్టం, నిప్పు తగిలితే భగ్గున మండే బట్టల మీద. నువ్వు ఈ రెండింటికీ గొంతునిచ్చావు. చికాగోలో చల్లటి పెట్టె పక్కన నిలబడినప్పుడు రాని ప్రశ్న పదిహేనేళ్లకి వచ్చింది.

అన్నిటికన్నా నాకు ముద్దొచ్చేది మాత్రం వడ్డీ చట్టం. 1968 మే 29న జాన్సన్ సంతకం పెట్టాడు. సెనేటర్ పాల్ డగ్లస్ 1960 నుంచి మొత్తుకున్న మాట అది. కాంగ్రెస్ దిగువ సభలో లియనోర్ సల్లివన్ అనే ఆవిడ దాన్ని నీరుగార్చనీయకుండా పట్టుపట్టింది. నువ్వు వాళ్ల పక్కన నిలబడ్డావు. సంగతి చాలా చిన్నది. నువ్వు చూపించిన ఫ్రిజ్‌ని డబ్బు ఒక్కసారే లెక్కపెట్టి ఎంతమంది కొన్నారు? చాలామంది వాయిదాల మీదే. నెలకింత కడితే చాలన్నాడు కొట్టువాడు. నెల వాయిదా పెద్ద అక్షరాల్లో ఉంటుంది. ఎన్ని నెలలో నోటితో చెబుతాడు. మొత్తం ఎంతవుతుందో, సాలుకి వడ్డీ ఎంత పడిందో ఎక్కడా ఉండదు. ఒకడు నెలవారీ లెక్క చెబుతాడు, ఇంకొకడు అసలు మీద చెబుతాడు, మూడోవాడు వడ్డీ ముందే కోసుకుంటాడు. ముగ్గురిలో ఎవరు చవకో తేల్చుకోవాలంటే ఆ ఇల్లాలు లెక్కల మేష్టారు కావాలి. కొత్త చట్టం ఏమందంటే, అందరూ ఒకే పద్ధతిలో లెక్కకట్టి, ఏడాదికి నూటికి ఇంత అని కాగితం మీద రాసి చూపించండి అంది. వడ్డీ తగ్గించమనలేదు. చూపించమంది. 1969 జులై నుంచి ఆ అంకె కాగితం మీదికొచ్చింది.

ఆ చట్టం నీ విద్యకి తోబుట్టువు తల్లీ. పిడి ఉన్న వైపు నిలబడి, అడ్డం రాకుండా, లోపలున్నది కనిపించేలా తెరవడం. ఈసారి లోపల వెన్నా గుడ్లూ లేవు, నూటికి పద్దెనిమిదో ఇరవై నాలుగో ఉంది.

ఆ తర్వాత న్యూయార్క్ రాష్ట్రంలో వినియోగదారుల బోర్డు, న్యూయార్క్ నగరంలో అదే శాఖకి కమిషనర్ పదవి. పదవులు నీకు పెద్ద ఇంపుగా ఉన్నట్టు తోచదు, ఎక్కడా ఎక్కువకాలం కూర్చోలేదు. 1974లో మళ్లీ కెమెరా ముందుకే వచ్చావు, న్యూయార్క్‌లో ఎన్‌బీసీ వాళ్ల స్థానిక చానల్‌లో వినియోగదారుల విలేకరిగా. పని చేయని వస్తువు, రాని రీఫండు, అచ్చులో ఒకటి అంగట్లో ఒకటి. 1976లో వ్యాఖ్యాత బార్బరా వాల్టర్స్ వెళ్లిపోయి జేన్ పాలీ వచ్చేలోపు ‘టుడే’ షోలో కొన్ని నెలలు కూర్చున్నావు. 1977లో నీ ‘బైలైన్’ కార్యక్రమానికి పీబడీ అవార్డు. వస్తువు చేత్తో పట్టుకుని కెమెరాకి చూపించడం మాత్రం మానలేదు, పాత అలవాటు. చూపించి, ఇది కొనకండి అన్నావు. 1992లో ఎన్‌బీసీ నిన్ను ఇక చాలంది. నీకు 76 ఏళ్లు, పని చేసే ఓపిక ఇంకా ఉంది. 1994 ఏప్రిల్‌లో వెళ్లిపోయావు.

ఇక ఫలశ్రుతి. ఇది చదివినవారి వాషింగ్ మెషిన్ వారంటీ ముగిసిన మర్నాడు ఆగిపోకుండుగాక. విన్నవారికి జీరో పర్సెంట్ ఈఎంఐ పక్కన చుక్క గుర్తు, దాని కింద ప్రాసెసింగ్ ఫీజు కంటపడుగాక. మాల్‌లో మిక్సీ చూపిస్తూ పొద్దస్తమానం నిలబడే అమ్మాయిలకు కూర్చోవడానికి స్టూలు దొరుకుగాక. ప్రత్యక్ష ప్రసారంలో తలుపు బిగుసుకుపోయినవారికి నవ్వుతూ మాట కొనసాగించే గుండె ఉండుగాక, ఆ అపకీర్తి పక్కవాళ్ల ఖాతాలో పడకుండుగాక.